ఎఫువా ఆంటీ ఇచ్చిన ఆరు గజాలు

పోయిన నెల ఒక శనివారం పొద్దున అరిజోనాలోని చాండ్లర్‌లో వారపు సంతకు వెళ్ళాను. టమాటాలు ఏరుకుంటుంటే, పక్క బల్ల దగ్గర తలకు రంగుల గుడ్డ చుట్టుకున్న ఒకావిడ కొత్త బట్ట మడత విప్పి ఒక్క దులుపు దులిపింది. మైనం, గంజి, పచ్చి రంగు కలిసిన ఘాటైన వాసన ముక్కుకు తగిలింది. చేతిలో సంచి జారిపోయి టమాటాలు నేలమీద దొర్లాయి. మాది చీరాల. మా నాన్న బట్టల కొట్లో గుమాస్తా. కొత్త బట్ట వాసన నాకు ఊహ తెలిసినప్పటి నుంచీ తెలుసు. కానీ అది చీరాల వాసన కాదు. ముదురు నీలం మీద తెల్ల చుక్కలు, బావిలో రాయి వేస్తే లేచే అలల్లాగా వలయాలు వలయాలుగా. ఆ బట్ట ఆరు గజాలు నా అల్మరాలో నాలుగేళ్ళుగా మడత విప్పకుండా పడి ఉంది. ఏమైనా కావాలా అని ఆవిడ అడుగుతున్నా, టమాటాలు కూడా ఏరుకోకుండా వచ్చి కారులో కూర్చున్నాను.

ఆ బట్ట నాకిచ్చినావిడ పేరు ఎఫువా. ఊరు ఘనాలోని కేప్‌కోస్ట్. 2007లో నేను న్యూజెర్సీలో ప్లెయిన్స్‌బరో దగ్గర ఒక మందుల కంపెనీ ల్యాబ్‌లో చేరినప్పుడు ఆవిడ మా పై అధికారి. తయారైన మాత్రల్లో మందు ఉండాల్సినంత ఉందా లేదా అని పరీక్షించడం మా పని. అమెరికా ఆఫీసుల్లో యాభై ఏళ్ళ మనిషిని కూడా పేరు పెట్టి పిలవాలి. నాకది చేతకాక మొదటిరోజే నోరుజారి 'ఆంటీ' అన్నాను. అందరూ నవ్వారు, ఆవిడ మాత్రం నవ్వలేదు. తమ దేశంలో కూడా పెద్దవాళ్ళను అలాగే పిలుస్తారని, ఇరవై ఏళ్ళ తర్వాత ఆఫీసులో ఒకరు తనను మర్యాదగా పిలిచారని చెప్పి, అప్పటినుంచి నాకు ఆ పిలుపు ఖాయం చేశారు. ఆవిడ కూడా మనలాగే ఎవరికీ ఎడమచేత్తో కాగితం ఇచ్చేవారు కాదు. ఇంటికి ఫోన్ చేసి చెబితే మా అమ్మ, "ఆఫ్రికా ఆవిడ కింద పనిచేస్తున్నావా?" అని అడిగింది. అమ్మ గొంతులో ఉన్నది నా మనసులోనూ ఉంది. దాచుకుని లాభం లేదు.

చేరిన నెలలోపే నేనెలాంటిదాన్నో ఆవిడకు చూపించుకున్నాను. మా ల్యాబ్‌లో రే అని ఒక పెద్దాయన రోజూ పొద్దున తూకపు యంత్రాన్ని సరిచూసి పుస్తకంలో సంతకం పెట్టాలి. ఒకరోజు మరిచిపోయాడు. నేను కనిపెట్టేశాను. మహా ఘనకార్యం చేసినట్టు ఆంటీకి ఈమెయిల్ రాసి, మరో నలుగురికి కాపీ కూడా పంపాను. పది నిమిషాల్లో ఆంటీ నా దగ్గరికొచ్చి, నన్ను వెంటబెట్టుకుని రే ముందు నిలబెట్టి, "ఇప్పుడు చెప్పు" అన్నారు. అక్షరాల్లో అంత ధాటిగా రాసిన నేను ఆయన ముఖంలోకి చూస్తూ రెండు వాక్యాలు కూడా సరిగ్గా చెప్పలేకపోయాను. ఆయన చెవులు ఎర్రబడ్డాయి. థ్యాంక్స్ చెప్పి, ఆ పొద్దుటి తూకాలన్నీ మళ్ళీ మొదటినుంచి చేశాడు.

తిరిగొస్తూ ఆంటీ అన్నారు: "తప్పు రాయొద్దని నేననను. ఇది మనుషులు మింగే మందు, రాసి తీరాలి. కానీ ముందు ముఖం, తర్వాత కాగితం. నా ల్యాబ్‌లో అదే పద్ధతి." ఆవిడ ఇంగ్లీషులో అన్న మాటల్ని నాకొచ్చిన తెలుగులో రాస్తున్నాను. నాకప్పుడు అది వట్టి చాదస్తంగా తోచింది. ఆ మాటే అపార్ట్‌మెంట్‌లో అందరికీ చెప్పి నవ్వాను కూడా.

మమ్మల్ని దగ్గర చేసినవి మా డబ్బాలు. ఆవిడ ఎండుచేపల పులుసు వేడిచేస్తే మైక్రోవేవ్ గది ఖాళీ అయిపోయేది. నా గోంగూరకూ అదే మర్యాద. అందుకని ఇద్దరం కిటికీ పక్కన చివరి బల్ల దగ్గర కూర్చుని తినేవాళ్ళం. ఆ బల్ల దగ్గరే నేను ఘనాను నేర్చుకున్నాను. అంతకుముందు నా దృష్టిలో ఆఫ్రికా మొత్తం ఒకే దేశం, సింహాలు, ఆకలి, అంతే. ఎమ్మెస్సీ చదివినదాన్ని, ఆ మాట రాయడానికి ఇప్పుడు సిగ్గేస్తోంది.

ఆంటీ, స్వతంత్ర దేశంగా ఘనా ఒకే ఏడు పుట్టారట, 1957లో. బడిలో ఆ ఏడు పుట్టిన పిల్లల్ని ముందు వరసలో నిలబెట్టేవాళ్ళట. ఆనకట్ట కట్టారు, ఫ్యాక్టరీలు పెట్టారు, పల్లెపల్లెకూ బడి వచ్చింది. మరోవైపు ఎదురు మాట్లాడినవాళ్ళు విచారణ లేకుండా జైలుకు పోయారు. ఆవిడకు తొమ్మిదేళ్ళప్పుడు సైన్యం ప్రభుత్వాన్ని పడగొడితే జనం వీధుల్లో నాట్యం చేశారు. "నేను కూడా చేశాను. దేనికో తెలీదు, అందరూ చేస్తున్నారని చేశాను" అన్నారొకసారి. తర్వాత ఎన్నికలు, మళ్ళీ సైన్యం, ఆ సైన్యం మీద ఇంకో సైన్యం. దేశం బతికేది కోకో గింజల మీద. ప్రభుత్వమిచ్చే ధర గిట్టక రైతులు వాటిని సరిహద్దు దాటించి అమ్ముకునేవాళ్ళు. దుకాణాల్లో పాలడబ్బా లేదు, పంచదార లేదు. హాస్టల్లో ఒక సబ్బుబిళ్ళను దారంతో నాలుగు ముక్కలు కోసుకునేవాళ్ళట. ప్రభుత్వం ప్రతి సరుకుకూ ఒక ధర కట్టింది, ఆ ధరకు సరుకు ఎక్కడా దొరకదు. మా ఊరి రేషన్ షాపు గుర్తొచ్చి నేను తలాడించేదాన్ని. ఆవిడ ఇవన్నీ మామూలుగా చెప్పేవారు, చేపముల్లు తీసి పక్కన పెట్టినట్టు. ఒక్క 1979 దగ్గరికి వచ్చేసరికి మాత్రం డబ్బా మూత పెట్టేసి లేచిపోయేవారు.

2008 ఎండాకాలం అయిపోతుండగా మా ల్యాబ్‌లోకి శ్రావంతి వచ్చింది. వరంగల్ పిల్ల. నాకు ముందే తెలుసు. రెండేళ్ళ కిందట ఎమ్మెస్ చదవడానికి వచ్చినప్పుడు న్యూవార్క్ ఎయిర్‌పోర్ట్ నుంచి నా కార్లోనే తీసుకొచ్చాను. మన పిల్లలు వస్తుంటే ఎవరో ఒకరు వెళ్ళి తెచ్చి, నాలుగు రోజులు అన్నం పెట్టి, రూమ్ చూపించడం మాలో మామూలే. అప్పుడు ఆ పిల్ల బి.ఫార్మసీ సర్టిఫికెట్ సిరా ఆరకముందే వచ్చింది. మరి ల్యాబ్‌లో అందరి వివరాలు ఉండే ఫైల్లో ఆమె రెజ్యూమె చూస్తే హైదరాబాద్‌లో రెండేళ్ళ ఉద్యోగం ఉంది. ఫేక్ ఎక్స్‌పీరియన్స్. మన కన్సల్టెన్సీలు ఒక పేరా కలిపి రాసిపెట్టడం ఎవరికి తెలియదు? నేను మాత్రం అలాంటిది పెట్టనని భీష్మించుకుని పదకొండు నెలలు ఉద్యోగం లేకుండా తిరిగాను. ఇప్పుడు ఈ పిల్ల అబద్ధంతో వచ్చి నా పక్క బల్ల దగ్గరే నిలబడింది. పైగా ఆర్థికమాంద్యం రోజులు. మా గుంపులో ఒకర్ని తీసేస్తారని పుకారు. నా కోపం నీతి కోసమేనని నాకు నేను చాలాసార్లు చెప్పుకున్నాను.

జనవరిలో ఒక శుక్రవారం పొద్దున తొమ్మిదింటికి, కంపెనీ హెచ్.ఆర్.కు ఈమెయిల్ రాశాను. శ్రావంతి డిగ్రీ పూర్తయిన నెల, అమెరికాలో దిగిన నెల, రెజ్యూమెలో ఉన్న ఉద్యోగపు సంవత్సరాలు, మూడూ పక్కపక్కన పెట్టి పంపించేశాను. ఒళ్ళు తేలికైనట్టనిపించింది.

ఆ వారమే ఘనాలో కొత్త అధ్యక్షుడు ప్రమాణం చేశాడు. ఎన్నిక వెంట్రుకవాసిలో తేలింది. వారం రోజులు ఆంటీ కంప్యూటర్‌లో రాజధాని అక్రా రేడియో పెట్టుకుని గోళ్ళు కొరుక్కున్నారు. చివరికి ఓడినవాళ్ళు ఇంటికి వెళ్ళారు, గెలిచినవాళ్ళు గద్దెనెక్కారు, సైన్యం బ్యారక్‌ల్లోనే ఉంది. ఆ సంతోషంతో శుక్రవారం నాడు తన దేశపు బట్టతో కుట్టిన గౌను వేసుకొచ్చారు. నీలం మీద తెల్ల వలయాలు. ఆ అచ్చును తమ భాషలో 'బావి' అంటారని చెప్పారు. మా దగ్గరలాగే అక్కడా ఆడవాళ్ళు బట్టను ఆరు గజాల లెక్కన కొంటారట. ఆ ఉత్సాహం చూసి నాక్కూడా ధైర్యమొచ్చింది. మెచ్చుకుంటారనే అనుకున్నాను. శ్రావంతి సంగతంతా చెప్పి, "హెచ్.ఆర్.కి రాయాలనుకుంటున్నాను" అన్నాను. అప్పటికే రాసేశానని మాత్రం అనలేదు. ఆవిడ పద్ధతి తప్పానని తెలుసు కనుక.

ఆంటీ తింటున్నది ఆపి డబ్బా మూత పెట్టారు. ఈసారి లేచిపోలేదు. కిటికీలోంచి మంచు కప్పిన పార్కింగ్ వైపు చూస్తూ మొదలుపెట్టారు.

ఆవిణ్ణి పెంచింది వాళ్ళ పెద్దమ్మ అరబా. అక్రాలో పెద్ద బజారులో బట్టలమ్మేది. అక్షరం ముక్క రాదు. తలమీద తానులు మోసి సంపాదించి ఈమెను యూనివర్సిటీ దాకా చదివించింది. 1979లో చిన్నస్థాయి సైనికులు తిరగబడి పాత పాలకుల్ని కాల్చి చంపారు. దేశాన్ని తినేసింది దొంగనిల్వలు పెట్టే బజారు ఆడవాళ్ళేనన్నారు. విద్యార్థులంతా సైనికుల వైపే. ఇరవై రెండేళ్ళ ఎఫువా ఎర్రగుడ్డ తలకు కట్టుకుని ఊరేగింపుల్లో గొంతు పోయేలా అరిచింది. నిల్వలు ఎక్కడున్నాయో తెలిసినవాళ్ళు చెప్పాలని విద్యార్థి సంఘంలో ఒక కాగితం తిప్పారు. అందరూ రాస్తున్నారు. ఈమెకూ ఒకచోటు తెలుసు. పెద్దమ్మ ఇంటి వెనక గదిలో, మంచం కింద తానులున్నాయి.

"రాశారా ఆంటీ?"

"వీధి పేరు, ఇంటి గుర్తు రాశాను. మనిషి పేరు రాయలేదు. పేరు రాయకపోతే అది పెద్దమ్మ మీద ఫిర్యాదు కాదు, దేశసేవ అనిపించింది. మహా అయితే తానులు తీసుకెళ్ళి ప్రభుత్వ ధరకు అమ్మేస్తారనుకున్నాను."

రెండు రోజుల తర్వాత బజారులో సైనికులు శిక్షలు వేస్తున్నారంటే విద్యార్థులంతా బస్సెక్కి చూడ్డానికి వెళ్ళారు. జనం మధ్యలో ఒక బల్ల. దానిమీద ఒక ఆడమనిషిని బోర్లా పడుకోబెట్టారు. ఒంటిమీద బట్ట లేదు. బెత్తం లేచి పడుతుంటే జనం దెబ్బదెబ్బకూ లెక్కపెడుతున్నారు. ఆంటీ కిటికీ మీంచి చూపు తిప్పి నా కళ్ళలోకి చూశారు.

"నేను చప్పట్లు కొట్టాను సుజాతా. ఆమె తలెత్తి, పెద్దమ్మ ముఖం కనిపించేదాకా కొట్టాను."

ఎదురుగా ఉన్నది రోజూ నాకు చేపముక్క పెట్టే మనిషి. గోంగూర కారానికి కళ్ళనీళ్ళు పెట్టుకుని కూడా ఇంకొంచెం అడిగే మనిషి. ఆ చేతులేనా అని బల్లమీద ఉన్న ఆమె చేతుల వైపు చూశాను. ఆవిడ కూడా వాటివైపే చూసుకుంటున్నారు.

ఆ నెలల్లోనే ఆ బజారును సైనికులు కూల్చేశారట. సరుకులు మాత్రం దుకాణాల్లోకి రాలేదు. ఆంటీ ముఖం చెల్లక, టీచర్లందరూ వలసపోతున్న రోజుల్లో తానూ నైజీరియా వెళ్ళి బడిలో చేరారు. 1983 మొదట్లో ఆ దేశం లక్షలమంది ఘనావాళ్ళను వారాల్లో వెళ్ళిపొమ్మంది. లారీలమీద తిరిగొస్తే ఘనాలో వానల్లేవు, పొలాలు కాలిపోయాయి, తిండి లేదు. జనం బొమికలు తేలి తిరుగుతున్నారు. వెళ్ళడానికి ఒక్కటే గుమ్మం. పెద్దమ్మ తలుపు తీసి, ఏమీ అడక్కుండా, ఇంట్లో మిగిలిన గుప్పెడు కర్రపెండలం రవ్వ నానబెట్టి ముందు పెట్టింది.

"అప్పుడైనా చెప్పాల్సింది. ఆకలి. తినేశాను. తిన్నాక ఇక చెప్పలేకపోయాను" అన్నారు ఆంటీ. రెండేళ్ళకు స్కాలర్‌షిప్ వచ్చి అమెరికా బయల్దేరినప్పుడు పెద్దమ్మ ఆరు గజాల బావి అచ్చు బట్ట కుడిచేత్తో అందించి, క్షేమంగా వెళ్ళిరమ్మంది.

"ఆవిడకు తెలుసా?" అని అడిగాను.

"తెలుసో లేదో నాకు తెలీదు. ఆమె పోయి ఎనిమిదేళ్ళయింది. ఇక తెలిసే దారి లేదు."

తర్వాత గొంతు మార్చుకుని ఆఫీసు మాట చెప్పారు. శ్రావంతి ఉద్యోగంలో చేరిన మూడోవారమే వచ్చి తన రెజ్యూమె సంగతి ఒప్పేసుకుందట. అప్పటినుంచి ఆమె చేసిన ప్రతి పరీక్షనూ ఆంటీ స్వయంగా మళ్ళీ చేసి చూస్తున్నారట. సోమవారం ఇద్దరూ కలిసి హెచ్.ఆర్. దగ్గరికి వెళ్ళబోతున్నారు. తనంతట తానే వచ్చి చెబితే ట్రైనీగా దింపి ఉంచుతారని ఆంటీ నమ్మకం. "కాబట్టి నువ్వేమీ రాయక్కర్లేదు. నీకింకా మనసులో ఉంటే ఆ పిల్ల ముఖం చూసి అడుగు" అన్నారు.

పంపేశానని చెప్పడానికి నోరు తెరిచాను. గొంతులోంచి 'సరే ఆంటీ' అని మాత్రం వచ్చింది. పరుగులాంటి నడకతో నా కంప్యూటర్ దగ్గరికెళ్ళి, పంపిన మెయిల్‌ను వెనక్కి రప్పించే బటన్ నొక్కాను. అప్పటికే చదివేశారని సమాధానం వచ్చింది.

సోమవారం ఆంటీ, శ్రావంతి బయల్దేరకముందే పైనుంచి పిలుపొచ్చింది. పదకొండింటికల్లా శ్రావంతి అట్టపెట్టెతో బయట నిలబడింది. నా భుజం మీద తలపెట్టి ఏడ్చింది. "ఎవరో కంప్లైంట్ చేసిన్రంట అక్కా. ఇయ్యాల ఆంటీ నాతోని వస్తా అన్నది. అంతల్నే పిలిచిన్రు" అంది. చదువయ్యాక పనిచేసుకోవడానికిచ్చే పర్మిట్ మీద ఉంది, ఉద్యోగం లేకుండా మూడు నెలలకు మించి ఉండే వీల్లేదు. అరిజోనాలో వాళ్ళ బాబాయి దగ్గరికి వెళ్తానంటే ఎయిర్‌పోర్ట్‌కు నేనే దింపాను. రెండేళ్ళ కిందట తీసుకొచ్చిన కార్లోనే. దారిపొడుగునా నాకు దండాలు పెడుతూనే ఉంది. తెలిసీ పైకి చెప్పలేదని ఆంటీకి కూడా కంపెనీ రాతపూర్వకంగా హెచ్చరిక ఇచ్చింది. ఎవరు రాశారని ఆవిడ నన్ను ఎన్నడూ అడగలేదు. డబ్బాలు విప్పుకుని అదే బల్ల దగ్గర రెండేళ్ళు తిన్నాం. ప్రతిరోజూ చెబుదామనే కూర్చునేదాన్ని.

2011లో ఆంటీ ఉద్యోగం మానేసి కేప్‌కోస్ట్‌కు బయల్దేరారు, సముద్రానికి దగ్గర్లో ఇల్లు కట్టుకున్నారు. చివరిరోజు అందరూ కేకు తిని వెళ్ళిపోయాక, సొరుగులోంచి ఒక పొట్లం తీసి కుడిచేత్తో నాకందించారు. విప్పి చూస్తే ఆరు గజాలు, నీలం మీద తెల్ల వలయాలు. ఆవిడ ముఖంలోకి చూశాను, ఏమైనా కనిపిస్తుందేమోనని. ఎప్పటిలాగే ఉంది. "క్షేమంగా ఉండు సుజాతా" అని నా తలమీద చెయ్యిపెట్టి వెళ్ళిపోయారు. తెలిసే ఇచ్చారా, ఊరికే ఇచ్చారా? పోయిన ఏడాది రే మెయిల్ పెట్టాడు, ఎఫువా పోయిందని. ఆ మెయిల్ ముందు కూర్చుని, ఆవిడ తన పెద్దమ్మ గురించి అన్న మాటే నేనూ అనుకున్నాను. ఇక తెలిసే దారి లేదు.

ఆవిడ నాకు ఏం నేర్పారని ఎవరైనా అడిగితే, మందు తూచడం నేర్పారని చెబుతుంటాను. అది నిజమే. ఒక దేశం చరిత్ర కూడా నేర్పారు. ఎవరి మీదైనా ఏదైనా రాయబోయే ముందు ఇప్పుడు నేను లేచి వాళ్ళ దగ్గరికి నడిచి వెళ్తాను. కానీ వెళ్ళాల్సిన ఒక్క గుమ్మానికి మాత్రం వెళ్ళలేదు. మా ఆయన ఉద్యోగం మారి మేం చాండ్లర్ వచ్చేసరికి శ్రావంతి అక్కడే ఉంది. మళ్ళీ చదువుకుని, ఒక చిప్‌ల ఫ్యాక్టరీ ల్యాబ్‌లో పనిచేస్తోంది. మా ఇంటికి పది నిమిషాలు. భోజనానికి రమ్మని పిలిచినప్పుడల్లా తలనొప్పనో, పిల్లాడికి జ్వరమనో తప్పించుకుంటూ వచ్చాను.

ఆ శనివారం సంత నుంచి ఇంటికి వెళ్ళి అల్మరాలోంచి ఆ పొట్లం తీసుకుని, ఫోన్ కూడా చేయకుండా తిన్నగా శ్రావంతి ఇంటికే వెళ్ళాను. తలుపు తీసి ముఖమంతా నవ్వు చేసుకుంది. "నువ్వేనా అక్కా? ఎన్నాళ్ళకు! లోపలికి రా, అన్నం తిని పోవాలె" అంటూ ఎంత వద్దన్నా వినకుండా బల్లమీద కంచం పెట్టింది. "ఆ రోజు నాకు ఎయిర్‌పోర్ట్‌దాకా తోడొచ్చింది నువ్వొక్కదానివే అక్కా" అని, వేడి అన్నం వడ్డించి పప్పు గిన్నె తెచ్చింది. పొద్దుటినుంచి ఏమీ తినలేదు, ఆకలి దహించేస్తోంది. చెయ్యి కంచం దాకా వెళ్ళింది. వెనక్కి తీసుకుని ఒళ్ళో ఉన్న పొట్లం మీద పెట్టుకున్నాను.

"కూర్చో శ్రావంతీ. ముందు నేనొక మాట చెప్పాలి. విన్నాక కూడా పెట్టాలనిపిస్తే పెట్టు" అన్నాను.

ఆమె చేతిలో గరిటె అలాగే ఆగిపోయింది. ఆ ముఖం మీంచి చూపు తిప్పకుండా చెప్పడం మొదలుపెట్టాను.